రఫియా చెట్ల వెనక సందు

అక్టోబర్ 29

లింగుండా వాళ్ళు మడుగు నోటికి మళ్ళీ చేపల కంచె వేశారు. ఆ ఊళ్ళో పుట్టినదాన్ని కాబట్టి నాకు ముందే తెలిసి ఉంటుందని అత్త అంటోంది. నది అడ్డంగా దాటితే లింగుండా. అక్కడ గుడ్డలు ఉతికే చప్పుడు ఇక్కడికి వినిపిస్తుంది. వినిపిస్తే నాకేం. నేను బొకాలా ఊరి కోడలిని.

"గుంజలు పాతింది మీ అన్నేనట," అంది అత్త, కర్రపెండలం తొక్క తీస్తూ.

"నాకు అన్న లేడు."

"లేకపోతే మంచిదేనే. ఉన్నవాళ్ళు చేసే పనులు ఇలా ఏడ్చాయి."

మడుగు ఎవరిదో దేవుడికే తెలియదు. నది పాత దారి వదిలేసి కొత్త దారి పట్టినప్పుడు మిగిలిన నీళ్ళు అవి. మా మామగారి కాలంలో రెండు ఊళ్ళ వాళ్ళూ ఒకే రోజున దిగి, ఒకే రోజున చేపలు పట్టేవాళ్ళట. ఇప్పుడు అటువాళ్ళు మాది అంటారు. మేము మాది అంటాం. మాదే.

నవంబర్ 2

నది బాగా పొంగింది. రేవులో మేం గుడ్డలు ఉతికే దుంగ మునిగిపోయింది. కర్రపెండలం నానబెట్టే గుంట కూడా నదిలో కలిసిపోతే, గంపలకు తాళ్ళు కట్టి చెట్లకు వేలాడదీశాం. ఈ నీళ్ళకి చేపలు నదిలో ఉండవు. అడవిలోకి, చెట్ల మధ్యకి ఎక్కిపోతాయి, రాలిన కాయలు తినడానికి. మా వలలు ఖాళీ. అటువాళ్ళకు పడుతున్నాయి. పొగబెట్టే వాసన గాలికి ఇటు కొడుతోంది.

నవంబర్ 5

నా కూతురు బొలుంబు పోయి ఇవాళ్టికి రెండేళ్ళు.

పోయినేడు ఇదే రోజున బోతులి పొద్దున్నే వల తీసుకుని వెళ్ళి చీకటి పడేవేళకు వచ్చాడు. ఇవాళా అంతే. మగవాళ్ళు ఏడవడం రాక పనికి పోతారని అత్త అంది. నా భర్త మీద నాకు కోపం లేదు. ఆ రోజు నేను కూడా అదే జ్వరంతో స్పృహ లేకుండా పడి ఉంటే, పిల్లను దోనెలో వేసుకుని ఒక్కడే మిషన్ ఆసుపత్రికి తెడ్డు వేశాడు. దారిలోనే పోయింది. ఆయన చేయగలిగింది చేశాడు.

నా కోపమంతా లిఫోకు మీద. మేనమామ. బొలుంబుకి ఉన్న ఒక్కగానొక్క మేనమామ. నది వెడల్పు దాటి రాలేకపోయాడు. చావు కబురు డోలు మీద వేస్తే అటు ఊరు ఊరంతా విన్నది. స్పృహ వచ్చాక, మట్టి వేసేదాకా నేను ఇంట్లో పడుకునే రేవు వైపు చూస్తూ ఉన్నానట. నాకు గుర్తులేదు. అత్త చెప్పింది. అప్పుడప్పుడూ చెబుతూనే ఉంటుంది.

నాకు అన్న లేడు.

నవంబర్ 9

ఉప్పు అయిపోయింది. సరుకుల పడవ ఆగేది లింగుండా రేవులో. మా ఊరి ఆడవాళ్ళు వెళ్తే గట్టు మీంచి మట్టిబెడ్డలు విసిరారు. మా అన్న పెళ్ళాం అంబా ముందు నిలబడి, "మడుగు మీదైతే దాన్నే ఉడకబెట్టుకోండి, ఉప్పు తేలుతుంది," అందట. వీళ్ళు వచ్చి నాతో చెబుతున్నారు, అదేదో నేనే అన్నట్టు.

నీటి మీద తేలే ఆకులు ఎండబెట్టి, కాల్చి, బూడిద కడిగి ఉప్పు తీశాం. చేదు. బోతులి నోట్లో పెట్టుకుని ఉమ్మేశాడు.

"మీ వదిన చేతి వంటలా ఉంది," అన్నాడు.

"వదిన లేదు నాకు."

"అన్న లేడు, వదిన లేదు. ఆకాశం నుంచి ఊడిపడ్డావు మరి."

నవ్వాడు. నేనూ నవ్వాను. ఈమధ్య మేమిద్దరం నవ్వింది అదే.

నవంబర్ 14

మా వాళ్ళు తెల్లవారుజామున వెళ్ళి కంచె నరికేశారు. అటువాళ్ళు కాపలా ఉన్నారు. నీళ్ళలోనే కత్తులు దూశారు. మా మరిది కుడిచేతి వేళ్ళు రెండు తెగి నీళ్ళలో పడ్డాయి. వెతకడానికి కూడా లేదు.

ఇంటి నిండా జనం. మరిది అరవడం లేదు, చెయ్యి చూసుకుంటూ కూర్చున్నాడు. అత్త ఒక్కతే మాట్లాడుతోంది.

"నరికింది లిఫోకు. మా ఇంటి అన్నం తిన్న చేతులతో నరికాడు."

"నువ్వు చూశావా అమ్మా?" అన్నాడు బోతులి.

"చూడక్కర్లేదు. దీని మొహం చూడు. తెలిసిపోతుంది."

అందరూ నా మొహం చూశారు.

నవంబర్ 15

నిన్న బోతులి బయటికి పిలిచి అడిగాడు. మెల్లగానే అడిగాడు.

"లిఫోకు వలలు ఎక్కడ వేస్తాడు ఈ నీళ్ళకి?"

"నాకేం తెలుసు."

"నీకు తెలుసు. చిన్నప్పుడు మీ నాన్న మిమ్మల్ని ఎక్కడికో తీసుకెళ్ళేవాడని నువ్వే చెప్పావు."

నేనేమీ చెప్పలేదు. వాగు నోటి దగ్గర, నీళ్ళలో పెరిగే రఫియా తాటిచెట్ల వెనక ఒక సందు ఉంటుందని మాత్రం అన్నాను. అడవిలో ఇలాంటి సందులు వంద. అది చెప్పడం కాదు. మగవాళ్ళకి నది తెలియదా.

"వల తెచ్చుకుంటాం. అంతే," అన్నాడు. "వేళ్ళకి వల. అదీ ఎక్కువేం కాదు కదా?"

ఎక్కువేం కాదు.

నవంబర్ 17

వల తెచ్చారు. దోనె కూడా తెచ్చారు. కొత్త దోనె, ముక్కు దగ్గర మొసలి బొమ్మ చెక్కి ఉంది. మా రేవులో కట్టేశారు. ఊళ్ళో పిల్లలంతా ఎక్కి గెంతుతున్నారు.

దోనె ఉంటే దానిలో మనిషి ఉండాలి. నేను అడగలేదు. ఈదుకుంటూ పోయి ఉంటాడు.

వల మంచిది. రెండు చోట్ల చిరిగింది. కుట్టి పెట్టమని అత్త నా ఒళ్ళో పడేసింది. కుట్టాను.

నవంబర్ 18

పొద్దున అటు ఒడ్డు నుంచి డోలు మోగింది. మాను తొలిచిన పెద్ద డోలు, మా నాన్న తమ్ముడు వాయించేది. ముందు మనిషి పేరు వేస్తారు, పొడుగ్గా, తండ్రి పేరుతో కలిపి. 'నీళ్ళకు తల వంచనివాడు, నీళ్ళకు తల వంచనివాడి కొడుకు.' ఆ తర్వాత, ఇంటికి రా. మళ్ళీ పేరు. ఇంటికి రా.

మా నాన్న డోలు పేరు నేను మరిచిపోయానని అనుకున్నాను.

బోతులి చేపల బుట్ట అల్లుతున్నాడు. తల ఎత్తలేదు.

"ఈదుకుంటూ పోలేదా?" అన్నాను.

"ఎవరు?"

"దోనె మనిషి."

"చెట్టెక్కాడు. అక్కడే వదిలేశాం. నాలుగు తగిలించి వదిలేశాం, చంపలేదు." ఈత బద్ద వంచుతూ అన్నాడు. "వాళ్ళ వాళ్ళు వచ్చి దింపుకుంటారులే."

వాళ్ళ వాళ్ళకి ఆ చోటు తెలియదు. అంబాకి కూడా తెలియదు. చెప్పకూడదని మా నాన్న మా ఇద్దరి చేతా ఒట్టుగా నదినీళ్ళు తాగించాడు. నేను బోతులితో ఆ మాట అనలేదు. పొయ్యి మీద ఆకుకూర అడుగంటింది.

డోలు మధ్యాహ్నం కూడా మోగింది.

నవంబర్ 19

నిన్నటి డోలు ఇవాళ పొద్దున్నే మళ్ళీ మొదలైంది.

కర్రపెండలం గంపలు చూసి వస్తానని అత్తతో చెప్పాను. గంప ఒకటి దోనెలో పెట్టుకున్నాను. మా దోనె బోతులి తీసుకుపోయాడు, రేవులో ఉన్నది లిఫోకుదే. అదే విప్పాను. ఎవరూ అడగలేదు. ఆడవాళ్ళు కర్రపెండలానికి పోతే ఎవరు అడుగుతారు.

వాగు నోరు గుర్తుపట్టడానికి ఇబ్బంది పడలేదు. ఇబ్బంది పడతాననుకున్నాను. రఫియా మట్టలు వంచి పట్టుకుంటే దోనె దూరేంత సందు. లోపల నీళ్ళు నల్లగా, అలలు లేకుండా, చెట్ల నడుముల దాకా. కాస్త దూరం పోయాక కేక వేశాను. పేరు పెట్టి కాదు. ఊరికే కేక.

"వచ్చావా," అన్నది పైనుంచి ఒక గొంతు.

వంగిన కొమ్మ మీద, చెట్టుకు తన గుడ్డతో నడుం కట్టేసుకుని ఉన్నాడు. ఒక కన్ను మూసుకుపోయింది. కాళ్ళ నిండా చీమలు కరిచిన దద్దుర్లు, కొన్ని పుండ్లయ్యాయి. భుజం వెనక తెడ్డు దెబ్బకి వాచి నల్లబడింది. లిఫోకు. ఎన్నేళ్ళకు చూశానో, ఎలా చూశానో.

"బతికున్నానా అని చూడ్డానికొచ్చావా, చచ్చానా అని చూడ్డానికొచ్చావా?"

"దిగు."

"ఈ చోటు ఇద్దరికే తెలుసు ఇలంగా. నేను ఎవరికీ చెప్పలేదు."

దోనె కొమ్మ కిందికి చేర్చి పట్టుకున్నాను. దిగలేకపోయాడు, పడ్డాడు. దోనె బోర్లా పడబోయింది. ఇంటి నుంచి తెచ్చిన ఆకు పొట్లం, ఉడికించిన కర్రపెండలం ముద్ద, చేతికి ఇవ్వబోయాను.

"కింద పెట్టు. నేను తీసుకుంటాను."

కింద పెట్టాను. తీసుకున్నాడు. ఆకుతో సహా కొరికాడు. తినేవాణ్ణి అలా చూస్తూ ఉంటే నాకు జాలి రావాలి. కోపం వచ్చింది. ఎందుకొచ్చిందో తెలియదు.

"నా కూతురు పోతే రాలేదు నువ్వు," అన్నాను. "నది ఎంతుంది? ఇంతుంది. రాలేదు."

నములుతున్నవాడు ఆగాడు.

"ఎవరు రాలేదు?"

"నువ్వే."

"డోలు ఆగకముందే దోనె దించాను. మీ రేవులో మీ ఆయన, ఇద్దరు మగాళ్ళు. గెడలు అడ్డం పెట్టారు. పిల్ల మొహం చూసి పోతానన్నాను. ఏడ్చి పోతానన్నాను. చావు ఎలా వచ్చిందని మేనమామగా అడగాల్సింది కూడా అడగనన్నాను. కాలు కింద పెడితే విరగ్గొడతామన్నాడు మీ బోతులి. ఎండ దిగేదాకా మీ రేవు ముందు నీళ్ళలోనే ఉన్నాను."

"అబద్ధం."

"అబద్ధమే. తెడ్డు వెయ్యి."

వేశాను. సందు దాటి నదిలోకి వచ్చేదాకా వేస్తూనే ఉన్నాను. అబద్ధమే అయి ఉండాలి.

లింగుండా రేవులో నన్ను ముందుగా చూసింది అంబా. మొగుణ్ణి చూసి నీళ్ళలోకి పరుగెత్తింది, నడుముల్లోతు దాకా. ఇద్దరు మగవాళ్ళు అతన్ని ఎత్తుకుపోయారు. నేను దోనెలోంచి కాలు బయట పెట్టబోయాను.

"దిగకు," అంది అంబా.

"నీళ్ళు తాగి పోతాను."

"నది నిండా ఉన్నాయి. మీ ఒడ్డు పక్కన తాగు." నా మొహంలోకి వంగి చూసింది. "నువ్వే తెచ్చావు. ఎక్కడున్నాడో నీకెలా తెలిసింది?"

జవాబు చెప్పేలోపు చిన్నమ్మలూ పెద్దమ్మలూ అంతా గట్టు మీదకి వచ్చారు. నన్ను ఎత్తుకుని పెంచినవాళ్ళు. ఒక్కరూ పేరు పెట్టి పిలవలేదు. మా నాన్న తమ్ముడు వచ్చి, దోనె మాది, అది ఇక్కడే ఉంటుంది అన్నాడు. ఎప్పటిదో ఒక పాత దోనె, అడుగున పగిలింది, దానిలోకి నన్ను మార్చారు.

"ఇది మునిగిపోతుంది," అన్నాను.

"మునిగితే మునుగు," అంది అంబా. "ఈత నేర్పింది మేమేగా."

ఒక చేత్తో తెడ్డు, ఒక చేత్తో సొరబుర్ర. నీళ్ళు తోడుతూ వచ్చాను. సగంలో కొట్టుకుపోయి ఊరికి బాగా కింద, బురదలో ఒడ్డెక్కాను.

నవంబర్ 20

దోనె ఏదని బోతులి అడిగాడు. ఎవరిదో వాళ్ళకి ఇచ్చాను అన్నాను.

నవంబర్ 21

నిన్న బోతులి చెయ్యి తగిలిన ఎడమ చెవిలో హోరు తగ్గలేదు. కుడి చెవి కిందికి పెట్టి పడుకుంటే నది వినిపించడం లేదు.

నవంబర్ 26

మరిది చెయ్యి చీము పట్టింది. అత్త ఆకులు నూరి కడుతోంది. నన్ను దగ్గరికి రానివ్వడం లేదు. "శత్రువుకి అన్నం పెట్టిన చెయ్యి," అంటుంది. అయినా రాత్రి అన్నానికి నా గిన్నె తనే నింపుతుంది.

బోతులిని అడగాలి. రేవు, గెడలు, ఆ రోజు. అడగలేదు. మా అన్న అబద్ధాలకోరు, చిన్నప్పటి నుంచీ. నా బుట్టలో చేప తన బుట్టలో వేసుకుని, తనదే అనేవాడు.

డిసెంబర్ 8

అడగలేదు.

డిసెంబర్ 19

నీళ్ళు తీస్తున్నాయి. ఉతికే దుంగ వెన్ను బయటపడింది. చెట్ల మీద నీటి గీత మనిషి ఎత్తున ఉంది.

ప్రాణం పోలేదు కాబట్టి మాట్లాడుకోవచ్చని దిగువ ఊరి పెద్ద ఎంకోయి కబురు పెట్టాడు. ప్రాణం పోయి ఉంటే మాటలుండేవి కావు. ఆ సంగతి ఊళ్ళో ఎవరూ పైకి అనరు. నేను దోనె విప్పకపోతే ఏమయ్యేదో ఎవరూ అనరు. సందు సంగతి నేను చెప్పకపోతే ఏమయ్యేదో అది కూడా అనరు.

ఇదిగో, రాసేశాను. చెప్పాను. నేనే చెప్పాను. కోపంతో చెప్పాను, తెలిసే చెప్పాను.

జనవరి 7

నది నడుమ ఇసుక దిబ్బ తేలింది. అక్కడే కూర్చున్నాం, అటు వాళ్ళు అటు, మేం ఇటు, మధ్యలో ముసలి ఎంకోయి చిన్న పీట మీద. ఎండ మాడ్చేస్తోంది. మా మరిది చెయ్యి చూపించాడు. లిఫోకు వీపు చూపించాడు. కన్ను తెరుచుకుంది, కానీ చూపు మసక అన్నారు.

కంచె తీసేయాలి. మడుగులో రెండు ఊళ్ళూ ఒకేసారి దిగాలి, పూర్వంలాగే. ఒకరి రేవులో ఇంకొకరు దిగితే అడ్డం పెట్టకూడదు. ఇదంతా త్వరగానే తేలింది. అందరికీ ఆకలిగా ఉంది, ఉప్పు కావాలి.

చివర్లో ఎంకోయి అడిగాడు. "ఒక్క మాట మిగిలింది. లోపలి చోటు మీకెలా తెలిసింది బోతులీ? ఎవరు చూపించారు?"

బోతులి మోకాళ్ళ మీది ఇసుక దులుపుకున్నాడు. నేను లేవబోయాను. అత్త నా పక్కనే ఉంది. నా గుడ్డ కొంగు పట్టుకుని కిందికి లాగింది.

"కూర్చో," అంది, పళ్ళ మధ్య నుంచి. "చెప్పేసి నీ బరువు నువ్వు దించుకుంటావు. ఎత్తుకోవాల్సింది మేం."

ఆమెకు తెలుసు. మొదటి నుంచీ తెలుసు.

అప్పుడు లిఫోకు అన్నాడు. "ఎవరూ చూపించలేదు తాతా. నా దోనె నది మీంచి కనబడి ఉంటుంది."

కనబడదు. ఎంకోయికి కూడా తెలుసు కనబడదని. తల ఊపాడు.

"నీ దెబ్బలకి ఏం కావాలి మరి?"

"మేకలొద్దు. నా మేనకోడలు పోయినప్పుడు నన్ను దిగనివ్వలేదు. ఇప్పుడు దిగుతాను. ఏడుస్తాను. మేనమామ అడగాల్సింది అడుగుతాను. దానికి వాళ్ళు జవాబు చెప్పాలి."

నేను బోతులి వైపు చూశాను. అబద్ధమని అంటాడేమోనని చూశాను. ఇసుకలోకి చూస్తున్నాడు. మెడ మీద చెమట ధారగా కారుతోంది.

అందరూ లేచాక నేను లిఫోకు దగ్గరికి వెళ్ళాను.

"ఎందుకు దాచావు? నా కోసమా?"

"నీ కోసం కాదు." దోనెను నీళ్ళలోకి తోస్తున్నాడు. "ఇలంగా అని పేరు పెట్టింది మా నాన్న. ఆ పేరు ఇక్కడ అందరి ముందూ ఇసుకలో పడేయడం ఇష్టంలేక."

మా నాన్న అన్నాడు. మన నాన్న అనలేదు.

జనవరి 12

ఇవాళ లిఫోకు వచ్చాడు. వెంట అంబా, మా నాన్న తమ్ముడు, ఇంకో ఇద్దరు ముసలివాళ్ళు. రేవులో ఎవరూ అడ్డం పెట్టలేదు. ఎవరూ ఎదురు కూడా వెళ్ళలేదు. నేను గట్టు మీద నిలబడ్డాను.

బొలుంబును పెట్టిన చోట పొర్లి ఏడ్చాడు. ఇన్నాళ్ళు ఆగిన ఏడుపు అది. అంబా కూడా ఏడ్చింది, నా వైపు వీపు పెట్టి. తర్వాత లిఫోకు మొహం కడుక్కుని వచ్చి, మా వాకిట్లో బోతులి ఎదురుగా కూర్చున్నాడు. పద్ధతి ప్రకారం అడిగాడు.

"నా చెల్లెల్ని మీ ఇంటికి ఇచ్చాం. దాని కూతురికి ఏ రోగం పట్టింది, ఏ దారిన పోయింది, ఎవరు పక్కనున్నారు?"

మామూలుగా దీనికి ఒక జవాబు ఉంటుంది. రోగం పేరు చెబుతారు, చేసిన వైద్యం చెబుతారు, తప్పు ఎవరిదీ కాదని చేతులు కడిగిస్తారు. అత్త నీళ్ళ గిన్నె సిద్ధంగా పట్టుకుంది.

"జ్వరం," అన్నాడు బోతులి. "నేనే పక్కనున్నాను."

"సరే," అన్నాడు మా నాన్న తమ్ముడు. చేతులు చాచమన్నాడు.

బోతులి చేతులు చాచలేదు.

"దోనెలో ఆకులు పరిచి పడుకోబెట్టాను. మడుగు దాకా వచ్చేసరికి నిద్రపోయింది. ఒళ్ళు ముట్టుకున్నాను, వేడి కాస్త తగ్గినట్టనిపించింది. నర్సమ్మకి ఇవ్వడానికి చేతిలో ఏమీ లేదు. ముందురోజు మడుగులో వేసిన వల ఉంది. అది తీసుకుంటే చేపలు ఇవ్వొచ్చు కదా అని ఆగాను."

"బోతులీ," అంది అత్త.

"వల వేరుకు చిక్కుకుంది. కోసేస్తే పోయేది. కొత్త వల. విప్పుతూ కూర్చున్నాను."

"ఎంతసేపు?" అన్నాడు లిఫోకు.

"ఎండ పిల్ల మొహం మీదికి వచ్చేదాకా. దానికి కూడా కదల్లేదు. అప్పుడు చూశాను."

వాకిట్లో కోళ్ళు కూడా చప్పుడు చేయడం లేదనిపించింది. నాకు ఒక చెవి సరిగ్గా లేదు కాబట్టి అనిపించిందేమో. అందుకే దిగనివ్వలేదు మా అన్నను. ఈ ప్రశ్న అడుగుతాడని. ఈ ఒక్క ప్రశ్నకి భయపడి మా అన్నను నీళ్ళలో నిలబెట్టాడు, నా చేత తిట్టించాడు, ఏడాదికోసారి పొద్దున్నే వల భుజాన వేసుకుని పోయాడు.

లిఫోకు లేచి కొడతాడనుకున్నారు అందరూ, మా మరిది మంచి చెయ్యి కత్తి మీద వేశాడు కూడా. లిఫోకు లేవలేదు.

"వలలో ఏం పడింది?" అని అడిగాడు.

"ఏమీ పడలేదు," అన్నాడు బోతులి.

చేతులు కడిగించకుండానే వెళ్ళిపోయారు. నీళ్ళ గిన్నె అత్త చేతిలోనే ఉండిపోయింది.

జనవరి 13

వండలేదు.

జనవరి 14

వండలేదు. అత్త కూడా వండలేదు.

జనవరి 16

మడుగులో దిగారు. రెండు ఊళ్ళూ. చేపల కోసం మడుగు నీళ్ళు తోడే పాట ఇంటిదాకా వినిపించింది. నేను వెళ్ళలేదు. బోతులి వెళ్ళలేదు.

సాయంత్రం ఎవరో గుమ్మంలో గంపెడు చేపలు పెట్టి పోయారు. ఎవరని అడగలేదు. కడిగాను, పామాయిలు వేసి వండాను, కర్రపెండలం ముద్ద విప్పాను, బోతులి ముందు పెట్టాను.

"నువ్వు తినవా?" అన్నాడు.

"నువ్వు తిను."

తిన్నాడు. నేను ఎదురుగా కూర్చుని, మొదటి ముద్ద నుంచి చివరి ముల్లు దాకా చూశాను. అతను తల ఎత్తలేదు.